తొంభయ్యేళ్ల సోఫీ

కార్టూను చిత్రాలు పసివారి కాలక్షేపానికేనని భావించే సహోద్యోగులకు ఈ నెల ఒక జపాను చిత్రాన్ని పరిచయం చేయదలచాను. హయావో మియజాకి దర్శకత్వంలో 2004లో విడుదలైన ‘హౌల్స్ మూవింగ్ క్యాసిల్’ నిర్దుష్టమైన చిత్రమని మాత్రం నేను చెప్పబోవడం లేదు.

బ్రిటిష్ రచయిత్రి డయానా విన్ జోన్స్ 1986లో వెలువరించిన నవల దీనికి ఆధారం. సోఫీ ఇంటికి పెద్దకూతురు. తండ్రి మిగిల్చిన టోపీల దుకాణంలో తలవంచుకుని కుట్టుపని చేస్తూంటుంది. జీవితమంతా ఇక్కడే గడుపుతావా అని చెల్లెలు లెట్టీ అడిగితే, నాన్నకు ఇష్టమైన దుకాణమనీ, తాను పెద్దదాన్ననీ అంటుందే తప్ప తన ఇష్టమేమిటో చెప్పలేదు. ఒక రాత్రి మంత్రగత్తె శాపంతో ఆమె తొంభయ్యేళ్ల వృద్ధురాలవుతుంది. ఇల్లు విడిచి, కోడికాళ్లవంటి కాళ్లపై నడిచే కోటలో, హౌల్ అనే మాంత్రికుని వద్ద పనిమనిషిగా కుదురుకుంటుంది.

ఇక లోపాల మాట. రాజ్యాల నడుమ యుద్ధం ఎందుకు జరుగుతున్నదో సరిగా బోధపడదు. చివర ఆస్థాన మాంత్రికురాలు ఇక చాలుననుకోగానే ఆ యుద్ధం ముగింపునకు వస్తుంది! 2003 నాటి ఇరాక్ యుద్ధంపై తనకు కలిగిన ఆగ్రహం ఈ చిత్రాన్ని ప్రభావితం చేసిందని మియజాకియే చెప్పారు. ఆ ఆగ్రహం న్యాయమైనదే కాని కథలో ఇమడలేదు.

అయినా ఈ చిత్రం మనసును వదలదు. కారణం సోఫీ ముఖం. నిద్రలో ఆమె పడుచు అవుతుంది. హౌల్ పక్షాన ధైర్యంగా మాట్లాడితే ముడతలు మాయమవుతాయి. తాను అందగత్తెను కానని తలచుకోగానే వార్ధక్యం తిరిగివస్తుంది. ఎందుకో ఎవరూ వివరించరు. యుద్ధం విషయంలో దోషమైన ఈ మౌనమే ఇక్కడ గుణమైంది. రెండు వయసులకూ గాత్రమిచ్చినది అప్పటికి అరవై దాటిన నటి చియెకో బైషో ఒక్కరే.

మా అక్కయ్య కూడా ఇంటికి పెద్దకూతురే. నాన్న పోయాక కుట్టుమిషను తొక్కి మమ్మల్ని చదివించింది. తాను పెళ్లి మాట తలపెట్టలేదు. నిరుడు ఆమెకీ చిత్రం చూపిస్తూ, ఉపశీర్షికలను తెలుగులో చెబుతూ వచ్చాను. యుద్ధం దగ్గర తడబడ్డాను.

“పోనీలేరా, ఆవిడ మొహం చూడనీ” అన్నది.

ఉతికిన బట్టలు ఆరవేసి, ముసలి సోఫీ సరస్సు ఒడ్డున కూర్చుంటుంది. ఇంతటి ప్రశాంతత తానెన్నడూ ఎరుగనని చెప్పుకుంటుంది. ఆ మాట తెలుగులో చెప్పాను. అక్కయ్య ఏమీ అనలేదు. చిత్రం పూర్తయ్యాక దీపం వేయబోతే వారించింది.

“ఆ చెరువుగట్టు దగ్గరిది ఇంకొక్కసారి వెయ్యరా.”