ఏ మన్రో?

మదనపల్లె, పుంగనూరు, కుప్పం - ఈ మూడు ఊళ్ళ యుద్ధచరిత్రను తెవికీలో వ్యాసంగా చేర్చాలని పుంగనూరులో ఉపాధ్యాయులుగా ఉన్న మిత్రులొకరు సంకల్పించారు. చిత్తుప్రతిని నాకు పంపారు. మొదటి పేరా దాటలేకపోయాను. "1780లో పొల్లిలూరు వద్ద హైదర్ అలీ చేతిలో ఓడిన థామస్ మన్రో, తరువాత మన దత్తమండలాలకు కలెక్టరుగా వచ్చాడు" అని ఉంది.

ఎంత చక్కని వాక్యం! కథకు కావలసినవన్నీ ఉన్నాయి, నిజం తప్ప. ఆ సెప్టెంబరు 10న పొల్లిలూరులో నాశనమైనది గుంటూరు సీమనుండి నడచివచ్చిన కల్నల్ బెయిలీ దళం. దానికి సాయం వెళ్ళలేక, కాంచీపురం కోనేటిలో ఫిరంగులు పడవేసి వెనుదిరిగిన సేనాని హెక్టర్ మన్రో. థామస్ మన్రో అప్పటికి పంతొమ్మిదేళ్ళ కుర్రవాడు. ఆ ఏడాది జనవరిలోనే మద్రాసులో ఓడ దిగినవాడు. దత్తమండలాలకు 1800లో వచ్చినదీ, మన సీమవాళ్ళు మన్రోలప్ప అని పిల్లలకు పేరు పెట్టుకున్నదీ ఈ థామస్‌నే. ఇంటిపేరు కలిసినంత మాత్రాన ఇద్దరినీ ఒకరిని చేస్తామా?

ఇదే చెప్పాను. "ముందు వ్యాసం రానీండి స్వామీ! తప్పులుంటే ఎవరో ఒకరు దిద్దుతారు. వికీ అంటేనే అది గదా" అన్నారు.

నా తగవంతా ఈ మాటతోనే. ఆ "ఎవరో ఒకరు" ఎవరండీ? ఆంగ్లంలో ఒక యుద్ధం పేజీకి పదిమంది కాపలా ఉంటారు. తెలుగులో మన ఊరి పేజీని వ్రాసినవాడు తప్ప ఏళ్ళ తరబడి మరొకడు తెరవడు. ఈలోగా ఏ పత్రికో ఆ వాక్యాన్ని ఎత్తి అచ్చువేస్తుంది. ఆ కత్తిరింపే తిరిగివచ్చి వికీకి ఆధారంగా కూర్చుంటుంది. తాను పెట్టిన దొంగసాక్షిని తానే న్యాయాధికారియై నమ్మినట్లు!

ఆధారం చూపడమంటే వాక్యం చివర అంకె తగిలించడం కాదు, పుస్తకం తెరవడం. ఏ పుస్తకమో తెలియడానికి కూడా కొంత చరిత్ర కావాలి. మిత్రులు 1780 నాటి సంగతులకు "చిత్తూరు జిల్లా" అని వ్రాశారు; ఆ జిల్లా 1911లో పుట్టింది. అంతకుముందు మదనపల్లె కడప జిల్లాది. పుంగనూరు, కుప్పం ఉన్న కంగుంది జమీను ఉత్తర ఆర్కాటువి. కనుక మదనపల్లెకు 1875 నాటి గ్రిబుల్ గారి కడప మాన్యువల్, మిగిలిన రెండింటికి 1881 నాటి కాక్స్ గారి ఉత్తర ఆర్కాటు మాన్యువల్ చూడాలి. ఇవన్నీ దొరల వ్రాతలే గదా అంటే, అవును. మైసూరు యుద్ధాలకైతే విల్క్స్ ఆంగ్లచరిత్ర పక్కన కిర్మానీ పారశీక గ్రంథాన్ని పెట్టుకోవాలి. రెండూ పక్షపాతాలే. కాని ఒకరు దాచినది మరొకచోట దొరకవచ్చును.

మనకు గ్రంథాలయాలు లేవు, అందుకే ఈ తిప్పలంటారు కొందరు. ఆస్ట్రేలియావారికి అన్నీ ఉన్నాయి. ప్రపంచయుద్ధం మీద పన్నెండు సంపుటాల అధికారిక చరిత్రే ఉంది. అయినా 1915లో గల్లిపోలిలో గాడిద మీద క్షతగాత్రులను మోసిన సింప్సన్ అనే సిపాయి 300 మందిని కాపాడాడని తరతరాలుగా చెప్పుకున్నారు. ఆయన ఏప్రిల్ 25న దిగాడు, మే 19న చనిపోయాడు. లెక్క ఎవరు కట్టారు? 2013లో అక్కడి విచారణ మండలి, ఆయన ధైర్యం నిజమే గాని తోటి అంబులెన్సు సిపాయిల ధైర్యానికి మించినది కాదని తేల్చింది. ఒక్కడికి 300 కట్టబెట్టినందువలన మరుగునపడినది ఆ తోటివారే. సింప్సన్ మకాం పెట్టినది భారతీయ కొండఫిరంగి దళాల దగ్గరే. వారిలో ఒక్కరి పేరు చెప్పగలమా? పొల్లిలూరూ అంతే. బెయిలీ వెంట నడచి చచ్చినవారిలో అత్యధికులు దేశీ సిపాయిలు. మనం ఇంకా ఏ మన్రో ఓడాడన్న దగ్గరే ఉన్నాము.

మిత్రులు మన్రోను దిద్దారు. కాని చివరి పేరాలో హైదర్ "చిత్తూరు యుద్ధంలో నేలకొరిగాడు" అని ఉంది. ఆయన 1782 డిసెంబరులో చిత్తూరు దగ్గరి నరసింగరాయనిపేట విడిదిలో రాచపుండుతో మరణించాడు. మలబారులో ఉన్న టిప్పు వచ్చేదాకా ఆ వార్తను బయటికి పొక్కనీయలేదు. ఇదే చెబితే, "పుండుతో పోయినాడంటే ఎవరు చదువుతారు స్వామీ?" అన్నారు. ఆ వాక్యం తీసివేశాను. సాయంత్రానికి తిరిగి పెట్టారు. మళ్ళీ తీసివేశాను. ఆదివారం విల్క్స్ అచ్చుప్రతి సంచిలో పెట్టుకుని పుంగనూరు బస్సెక్కుతున్నాను.