కౌలునకు పోయిన దీవులు

వేములపల్లి రైతునకు కౌలనగా నేమో ఎవరును బోధింప నక్కరలేదు. సాగరు ఎడమకాలువ నీరు పారెడి ఈ మిర్యాలగూడ ప్రాంతమున సొంతచేను దున్నుకొనువారు కొందరు, పరుల చేను కౌలునకు దున్నువారు కొందరు. ఆసామి, కౌలుదారు ఎదురెదురుగ కూర్చుందురు. ఎకరమునకు ఎన్ని బస్తాలో, గడువెప్పటికో మాటలాడుకొందురు. ఇద్దరకు సమ్మతమైననే పత్రము వ్రాసికొందురు. కాని ఆ చేనిలో గుడిసె వేసికొని తరతరములుగ బ్రతుకుచున్న మనుష్యులు లేనేలేరని వ్రాసి, చేనిని కౌలునకిచ్చుట ఏ గ్రామమునను మర్యాద కాదు. గ్రామస్థులకు సిగ్గనిపించు ఈ పనిని మహారాజ్యములు మాత్రము నిస్సంకోచముగ జేసినవి.

2025 మే 22వ తేదీన బ్రిటను, మారిషస్ దేశములు ఒక యొడంబడికపై సంతకములు చేసినవి. దాని ప్రకారము హిందూ మహాసముద్రము నడుమనున్న చాగోస్ దీవులపై సర్వాధికారము మారిషస్‌దనియు, అందు పెద్దదైన డియేగో గార్సియా మాత్రము 99 ఏండ్ల కౌలుపై సైనికస్థావరముగ బ్రిటను చేతనే యుండుననియు నిర్ణయించిరి. ఏడాదికి సగటున పది కోట్ల పౌనులకు పైగా కౌలు సొమ్ము. ఎక్కడి చాగోస్, ఎక్కడి వేములపల్లి యని పాఠకులు శంకింపవచ్చును. ఆ శంకకు మన చరిత్రయే సమాధానము చెప్పును.

1766లో హైదరాబాదు ప్రభువగు నిజాం అలీఖాన్ ఉత్తర సర్కారులను ఈస్టిండియా కంపెనీకి ఒప్పగించెను. అందుకు ప్రతిఫలము సైన్యసహాయము, కాదేని ఏటేట సొమ్ము. 1823లో ఒక్క మొత్తము చెల్లించి కంపెనీవారు ఆ బాకీని గూడ తుడిచివేసికొనిరి. 1853లో సైన్యపు ఖర్చుల బాకీ క్రింద బీరారు పోయినది; 1902లో ఏడాదికి పాతిక లక్షల రూపాయలకు అది శాశ్వతపు కౌలైనది. గోదావరి ముఖమున వలలు విసరు బెస్తవానిని గాని, మచిలీపట్టణపు అద్దకపు పనివానిని గాని, బీరారు ప్రత్తిరైతును గాని నీ సమ్మతి యేమని ఎవరైన నడిగిరా? ఒక్కరును అడుగలేదు. ఇచ్చినవాడు ప్రభువు, పుచ్చుకొన్నవాడు వర్తకుడు. ఆ బేరములతో తెలుగుజాతి రెండు ఏలుబడుల పాలయ్యెను. మనము సముద్రము లేని రాజ్యమున మిగిలితిమి. మన సోదరులు కంపెనీవారి ఓడరేవుల చెంత మిగిలిరి.

ఆ రేవుల నుండియే తెలుగువారు దీవులకు పోయిరి. మారిషస్‌ను మొదట డచ్చివారును, 1715 మొదలు ఫ్రెంచివారును, 1810 నుండి ఇంగ్లీషువారును ఏలిరి. ఆ చిన్నదీవి నుండి కదలిన నౌకాబలముతోనే లాబూర్దొనె 1746లో చెన్నపట్టణమును పట్టుకొనెను. ఇండియా నుండి తరలించిన సిపాయిలను గూడ గొనిపోయియే ఇంగ్లీషువారు 1810లో ఆ దీవిని జయించిరి. 1835లో అచట బానిసత్వము రద్దుకాగా చెరకుతోటలకు కూలీలు కావలసివచ్చిరి. ఒప్పందపు కూలీలన్న పేరుతో ఇండియా నుండి సుమారు నాలుగున్నర లక్షలమందిని ఓడలకెక్కించిరి. అందు తెలుగువారిని కోరంగి రేవు పేరనే కోరంగులని పిలిచిరి. తాతముత్తాతల నాటి కోరంగిని తుపాను మ్రింగినను, దాని పేరు సముద్రమునకు ఆవల బ్రతికియున్నది. నేటికిని ఆ దేశమున ఉగాది ప్రభుత్వపు సెలవుదినము. 1990లో మూడవ ప్రపంచ తెలుగు మహాసభలు అచటనే జరిగినవి. ఆ దేశమంతయు సుమారు 2,040 చదరపు కిలోమీటర్లు. మన ఒక్క నల్లగొండ జిల్లాలో అట్టివి మూడు ఇముడును.

ఇక చాగోస్ మాట. అరువదికి పైగా పగడపు దీవులు. భారతదేశపు దక్షిణాగ్రమునకు మారిషస్ కంటెను ఇవియే దగ్గర. పదునెనిమిదవ శతాబ్దాంతమున ఫ్రెంచివారు కొబ్బరితోటల కొరకై ఆఫ్రికా నుండియు మడగాస్కరు నుండియు బానిసలను దెచ్చి ఇందు దింపిరి. తరువాత కొందరు భారతీయులును చేరిరి. వీరి బిడ్డలు, వారి మనుమలు ఆ దీవులనే తమ ఊళ్లుగ జేసికొనిరి. గుడి గట్టుకొనిరి, తమ మృతులను ఆ ఇసుకలోనే పూడ్చుకొనిరి. 1965లో మారిషస్ స్వాతంత్ర్యము కొరకు లండనులో మంతనములు జరుగుచుండగా, ఆంగ్లప్రభుత్వము ఈ దీవులను మారిషస్ నుండి విడదీసి, ముప్పది లక్షల పౌనులు పరిహారముగ చూపెను. స్వాతంత్ర్యము నడుగవచ్చినవాని ముందు అట్టి బేరము పెట్టినప్పుడు వాని సమ్మతికి విలువ యెంత? 1968 మార్చి 12న మారిషస్ స్వతంత్రమైనది. దీవులు మాత్రము తిరిగి రాలేదు.

డియేగో గార్సియాను అమెరికావారి స్థావరమునకు ఇచ్చుటకై నిర్మనుష్యము గావింపవలసి వచ్చెను. అచట స్థిరనివాసులు లేరనియు, ఉన్నవారు వచ్చిపోవు కూలీలే యనియు కాగితములపై వ్రాసిరి. వైద్యమునకో బంధువులను జూచుటకో మారిషస్ వెళ్లినవారిని మరల ఓడ ఎక్కనీయలేదు. ఉన్నవారికి ఆహారపదార్థముల రాక తగ్గించిరి. 1971లో వారి పెంపుడు కుక్కలను చంపించిరి. 1973 నాటికి పదునైదు వందల నుండి రెండువేల మంది వరకు జనులను మారిషస్, సీషెల్స్ రేవులలో దింపివేసిరి. దీవి చిన్నది గావున జనులును లేనట్లే యని వారి తర్కము కాబోలు!

2019 ఫిబ్రవరి 25న అంతర్జాతీయ న్యాయస్థానము ఆ విభజన న్యాయసమ్మతము కాదని అభిప్రాయము ప్రకటించినది. ఆ మే నెలలో ఐక్యరాజ్యసమితి మహాసభలో 116 దేశములు మారిషస్ పక్షమున నిలువగా ఎదిరించినవి ఆరే. భారతదేశము మారిషస్ పక్షముననే ఓటు వేసినది. ఇది చిన్నజాతులకు విజయమే, మేము హర్షించుచున్నాము. కాని 2025 పత్రమును జూచిన మా హర్షము సగమే మిగిలినది. అది రెండు ప్రభుత్వముల మధ్య వ్రాసికొన్న పత్రము. సంతకములలో చాగోస్ జనుల చేవ్రాలు లేదు. డియేగో గార్సియా తప్ప తక్కిన దీవులలో వారిని మరల నిలుపవచ్చునని మారిషస్‌కు వెసులుబాటు కలదు. పుట్టిన ఊరు డియేగో గార్సియా అయినవాడు ఎచటికి పోవలయును?

సముద్రరక్షణకు స్థావరము అవసరము గదా యని కొందరందురు. అవసరములు ఉండవచ్చును. మన పొలములు తడుపు సాగరు జలాశయమే కృష్ణ ఒడ్డున కొన్ని ఊళ్లను తన కడుపున దాచుకొన్నది. ఆ ఊళ్లవారికి జరిగినది చాలునని మేమనము. కాని వారు పుట్టనే లేదని, ఆ లోయలో మనుష్యులే లేరని ఎవరును వ్రాయలేదు. ప్రజోపయోగమునకై భూమిని తీసికొనుట ఒకటి, ఆ పేర మనుష్యులను లెక్క నుండి తుడిచివేయుట వేరొకటి. మొదటిదానికి పరిహారము, సంప్రదింపు మార్గములు. రెండవదానికి ఏ సమర్థనయు లేదు.

చిన్నరాజ్యపు స్వాతంత్ర్యమను మాటను మన ప్రాంతము మరియొక నోట గూడ విన్నది. 1947లో నిజాము తాను స్వతంత్రుడనని ప్రకటించెను. చుట్టును భారతదేశమే యుండ, ఆయన రాజ్యము నేలమీది దీవివలె నుండెను. ఆ స్వాతంత్ర్యము ఎవరిది? దొరలకు వెట్టిచేసి నడుము వంగిన నల్లగొండ రైతుకూలీది కాదు. గనుకనే సూర్యాపేట, హుజూర్‌నగర్ తాలూకాల పల్లెలు దానిని నమ్మక తిరుగబడినవి. 1948 సెప్టెంబరు 17న ఆ ప్రకటన ముగిసినది. ప్రభువు స్వాతంత్ర్యము ప్రజల స్వాతంత్ర్యము గాదని ఆనాడు నేర్చిన పాఠమును మనము నేడు చాగోస్ విషయమునను మరువరాదు. లండనునకు చెల్లని అధికారము, ప్రజల నడుగకున్న, పోర్టులూయీకి మాత్రము సంపూర్ణముగ ఎట్లు చెల్లును?

మా అభిప్రాయము స్పష్టము. దీవి ఎంత చిన్నదైనను, అందు పుట్టి, అందు మృతులను పూడ్చుకొన్నవారిదే మొదటి మాట. వారు పోదుమన్న ఊరికి పోవుటకు త్రోవ తెరువవలయును. కౌలు సొమ్ములో వారి పాలెంతయో వారితోనే కూర్చుండి తేల్చవలయును. మారిషస్ పక్షమున ఓటు వేసిన మన దేశము ఈ మాటను గూడ ఆ మిత్రదేశముతో చెప్పవలయును. మన పాఠశాలలలో భూగోళపటమును విప్పునప్పుడు ఉపాధ్యాయులు ఆ నీలిసముద్రములోని చుక్కలపై బెత్తము నిలిపి, ఇందు మనుష్యులుండిరి, కొందరు మనవారేయని బాలురకు చెప్పుదురుగాక. అడుగకుండ ఇచ్చివేయబడిన జాతికి, అడుగకుండ ఇచ్చివేయబడిన మరియొక జాతి దుఃఖము తెలియకున్న, ఇక దానిని తెలిసికొనువారెవరు?