గెర్టీ వెనకాల కొండలు

మా తమ్ముడి కొడుకు ఇక్కడే, బెంగళూరులో ఒక యానిమేషన్ స్టూడియోలో పని చేస్తాడు. విదేశీ పిల్లలు చూసే బొమ్మల సినిమాలకు బొమ్మలు గీయడం వాడి ఉద్యోగం. ఉగాదికి మా ఇంటికొచ్చి, తాను పని చేసిన సినిమా ఒకటి చూపించాడు. చివర్లో పేర్లు దొర్లుతుంటే మా ఆవిడ కళ్ళజోడు సవరించుకుని, "నీ పేరేదిరా?" అంది.

"మావి రావు పెద్దమ్మా, స్టూడియో పేరొక్కటే వేస్తారు" అని నవ్వాడు. నవ్వాడే గాని ముఖం చిన్నబోయింది.

మాట మార్చడానికి కాబోలు, పాత అమెరికన్ మూకీ బొమ్మలు పెట్టాడు. బి.కాం. చదివి బ్యాంకు లెక్కలతో జుట్టు నెరిసినవాణ్ణి, నాకీ గొడవేం తెలుసు? అయినా కదలకుండా కూర్చున్నాను.

1914 నాటి 'గెర్టీ' ఒక డైనోసార్. గీసినాయన విన్సర్ మెక్కే, పత్రికల్లో కార్టూనిస్టు. ఆయన కొరడా పట్టుకుని వేదిక మీద నిలబడి ఆజ్ఞాపిస్తే, తెర మీద గెర్టీ వంగి దండం పెట్టేదట. కసిరితే చంటిపిల్లలా ఏడుస్తుంది. చెరువు మొత్తం తాగేస్తుంది! మాటా పాటా లేకుండానే ఇంటిల్లిపాదీ పొట్ట పట్టుకుని నవ్వాం.

దానికి వేల బొమ్మలు గీశారు. పారదర్శకమైన సెల్యులాయిడ్ షీట్లు అప్పటికింకా వాడుకలోకి రాలేదు. అందుకని కదలని కొండనీ, చెట్టునీ కూడా ప్రతి కాగితం మీదా మళ్ళీ గీయాల్సిందే. గెర్టీని మెక్కే గీస్తే, ఆ కొండల్ని దించుకుంటూ పోయిన కుర్రాడు జాన్ ఫిట్జ్‌సిమన్స్. మేం పాత లెడ్జర్లలో పేజీ పేజీకీ నిలవ తెచ్చి రాసుకున్నట్టే! ఆ కుర్రాడి మీద నాకెంతో అభిమానం కలిగింది.

1919లో ఫెలిక్స్ అనే నల్లపిల్లి వచ్చింది. దాని తోక అవసరాన్ని బట్టి పనిముట్టయిపోతుంది. హక్కులూ పేరూ స్టూడియో యజమాని పాట్ సలివన్‌వి. అసలు సృష్టికర్త ఆయన దగ్గర జీతానికి పని చేసిన ఆటో మెస్మర్ అని చాలామంది చరిత్రకారులు అంటారు. సలివన్ పుట్టిన ఆస్ట్రేలియాలో ఒప్పుకోనివాళ్ళూ ఉన్నారు లెండి. సలివన్ 1933లో పోయాడు. మెస్మర్ పేరు బయటికి రావడానికి దశాబ్దాలు పట్టింది. 1983 దాకా బతికాడు గనుక ఆ గుర్తింపు కళ్ళారా చూసుకున్నాడు.

"అంతకాలం ఎలా ఊరుకున్నాడురా?" అంది మా ఆవిడ.

"గీసుకుంటూ కూర్చున్నాడు పెద్దమ్మా."

నేను వాడి సినిమా మళ్ళీ పెట్టమన్నాను. నీ బొమ్మలేవో చూపించమన్నాను. కాసేపటికి ఆపాడు. "ఇక్కడ కుక్క తల తిప్పుతుంది చూడు పెద్దనాన్నా, ఈ పన్నెండూ నావి."

కుక్క తల తిప్పింది. నాలుగుసార్లు వేయించుకుని చూశాం.