పార్వతిని మరచిన స్మృతి

మనిషి పోయినా పేరు నిలుస్తుందంటారు పెద్దలు. సికింద్రాబాదులో ఒకప్పుడు ప్యారడైజ్ అనే సినిమాహాలు ఉండేది. అది కనుమరుగై ఏళ్లు గడిచినా, ఆ కూడలిని ప్రజలు నేటికీ ఆ పేరుతోనే పిలుస్తున్నారు. సినిమా కథల విషయంలోనూ ఇంతే. కథ మరుగున పడినా ఒక పేరు భాషలో స్థిరపడిపోతుంది. అటువంటి పేరే దేవదాసు.

శరత్‌చంద్ర చట్టోపాధ్యాయ బెంగాలీ నవల 1917లో వెలువడింది. దాని ఆధారంగా వేదాంతం రాఘవయ్య దర్శకత్వంలో రూపొందిన ‘దేవదాసు’ చిత్రం 1953లో విడుదలైంది. అక్కినేని నాగేశ్వరరావు అభినయం, ఘంటసాల గానం తెలుగువారి హృదయాలను కలచివేశాయి. సంగీతం సమకూర్చిన సి.ఆర్. సుబ్బరామన్ ఆ విజయాన్ని చూడకుండానే 1952లో కన్నుమూశాడు. నాటినుండి ప్రేమలో భగ్నుడై గడ్డం పెంచుకొన్న ప్రతి యువకుడూ ‘దేవదాసు’ అయ్యాడు. సంజ్ఞావాచకం జాతివాచకంగా మారింది.

మరి పార్వతి పేరు ఎందుకు అలా మారలేదు? అర్ధరాత్రి లోకనిందకు వెరవక దేవదాసు గదికి వెళ్లి, తన చేయి పట్టుకొమ్మని అడిగినది ఆమె. తండ్రిని ఎదిరించలేక పట్నానికి తరలిపోయినవాడు అతడు. తరువాత ఆమె వయసు మళ్లిన జమీందారును పెండ్లాడి, ఆ యింటి బాధ్యతను స్వీకరించింది. దుఃఖం ఇద్దరిదీ. అతడు దానిని మధుపాత్రలో ముంచాడు. ఆమె గుండెలో దాచుకొని జీవించింది. సావిత్రి తన కన్నులతోనే ఆ వేదనను పలికించింది. కనుక లోపం చిత్రంలో లేదు. మన స్మృతిలో ఉంది.

మన ప్రాచీన సాహిత్యంలోనూ ఈ ప్రశ్న కనిపిస్తుంది. భారతకథలో దుష్యంతుడు అన్నీ తెలిసియే శకుంతలను ఎరుగనన్నాడు. కాళిదాసు దుర్వాసుని శాపాన్ని, ఉంగరాన్ని కల్పించి రాజు మరపును క్షమింపదగినదిగా చేశాడు. ఆంధ్ర మహాభారతంలో నన్నయ తీర్చిన శకుంతల మాత్రం నిండుసభలో రాజుకే సత్యం విలువను బోధించింది. మరచినవాని పశ్చాత్తాపం కంటె, మరువబడిన ఆమె ధైర్యమే నాకు గొప్పదిగా తోస్తుంది.

అధ్యాపకుడిగా నేను ఏళ్ల తరబడి ఒక దృశ్యాన్ని చూస్తున్నాను. ప్రేమ విఫలమైన కుర్రవాడు చదువు మానితే, మిత్రులు అతని చుట్టూ చేరి ‘దేవదాసు’ అని సానుభూతి చూపుతారు. అదే కారణంతో చదువు మాన్పించి పెండ్లి చేసి పంపిన అమ్మాయి స్థానం తరగతిలో ఖాళీగా ఉంటుంది. వారం గడిచేసరికి ఆమె ఊసెత్తేవారుండరు. ఆమె దుఃఖానికి మన భాషలో పేరు కూడా లేదు.

పోయిన ప్రేమను స్మరించడం తప్పు కాదు. ఆ స్మృతి హృదయాన్ని మృదువు చేయాలే కాని, జీవితాన్ని దహించరాదు. తన వేదననే తలచుకొనేవాడు ప్రేమను కాక తననే ప్రేమిస్తున్నాడు. ఎదుటివారి వేదనను కూడా గుర్తుంచుకొన్నప్పుడే స్మృతి సంస్కారమవుతుంది. ఈసారి ‘దేవదాసు’ చూసినప్పుడు, చివరి దృశ్యంలో వీధిలో కన్నుమూస్తున్న అతనికోసం కన్నీరు పెట్టండి. మూసిన తలుపుల వెనుక నిలిచిన ఆమెను కూడా మరువకండి.