నవ్వుతో దిద్దుబాటు

నల్లమల అడవులలో వెలసిన అహోబిలం నవనారసింహ క్షేత్రం. నేటి నంద్యాల జిల్లాలోని ఈ క్షేత్రానికి చెందిన స్వామి కథను ఎర్రన ‘నృసింహపురాణం’గా రచించాడు. హిరణ్యకశిపుని చీల్చిన ఆ స్వామి పండితుల దృష్టిలో రౌద్రరసానికి పరాకాష్ఠ. చెంచులకు మాత్రం ఆయన తమ ఇంటి అల్లుడు. దేవతల స్తోత్రాలకు లొంగని కోపం చెంచులక్ష్మిని చూడగానే చల్లారిందనీ, ఆ పెండ్లి సంగతి తెలిసిన ఆదిలక్ష్మి స్వామిని నిలదీసిందనీ జానపదులు ముచ్చటగా చెప్పుకొంటారు. ఎంతటివాడినైనా నవ్వుతూ నిలదీయవచ్చుననే చనువు ఆ కథలలో ఉంది. అటువంటి చనువే ఆధునిక కాలంలో ఒక పత్రికాకథకు ప్రాణమైంది.

గురజాడ అప్పారావు రచించిన ‘దిద్దుబాటు’ 1910లో ‘ఆంధ్రభారతి’ మాసపత్రికలో వెలువడింది. 1902లోనే భండారు అచ్చమాంబ ‘ధనత్రయోదశి’ వచ్చింది కనుక, తొలి తెలుగు కథ ఏది అన్న విషయంలో భిన్నాభిప్రాయాలున్నాయి. హాస్యాన్ని సంస్కరణకు సాధనం చేసిన కథగా ‘దిద్దుబాటు’ విలువకు ఆ చర్చతో నిమిత్తం లేదు.

కథానాయకుడు గోపాలరావు ఇంగ్లీషు చదివినవాడు. సభలకు వెళుతున్నానని భార్యతో చెప్పి, సానుల పాట వినడానికి పోతుంటాడు. ఒక రాత్రి ఇల్లు చేరేసరికి భార్య కమలిని కనిపించదు. ఆమె వ్రాసిన ఉత్తరం మాత్రం ఉంటుంది. తాను ఇంట ఉన్నందువల్లనే భర్త అబద్ధమాడవలసి వస్తున్నదనీ, అందుచేత పుట్టింటికి పోతున్నాననీ అందులో ఉంటుంది. ఇందులో నింద లేదు, శాపం లేదు. అయినా తిట్టుకంటె పదునైన మాట అది.

ప్రాచీన నాటకాలలో నవ్వు పుట్టించే బాధ్యత విదూషకునిది. నాయకుని గౌరవానికి సాధారణంగా లోటు రాదు. గురజాడ ఈ మర్యాదను తారుమారు చేశాడు. చదువుకొన్న నాయకుడే ఇక్కడ నవ్వులపాలయ్యాడు. విద్య నేర్చిన స్త్రీ ఎంత గొప్పదో అతడు సేవకుడైన రామునికి ఉపన్యసిస్తాడు. ఆ స్త్రీనే మోసగించినవాడు తానేనన్న సంగతి అప్పటికి మరచిపోతాడు. అతడు పశ్చాత్తాపపడిన తరువాత మంచం క్రిందినుండి కమలిని నవ్వు, గాజుల చప్పుడు వినిపిస్తాయి. అంటే అతని మాటలన్నీ ఆమె వింటూనే ఉన్నది! భార్య కోపించి ఉంటే గోపాలరావు వాదానికి దిగేవాడేమో. నవ్వుకు ఎదురు చెప్పే వాదం అతని వద్ద లేదు. ఆ నవ్వుకు బలమిచ్చింది కమలిని చదువే. అక్షరం రానిదైతే ఆ ఉత్తరమే పుట్టేది కాదు.

అయినను ఈ కథ అన్ని తప్పులనూ దిద్దినదని చెప్పలేము. భార్య కనిపించలేదన్న కోపంలో గోపాలరావు రాముని వీపుమీద గుద్దుతాడు. తరువాత జాలిపడి ఒక రూపాయి చేతిలో పెడతాడు. ఏ నేరమూ చేయని సేవకునికి దక్కిన న్యాయం అంతే. ఎవరి పాటవల్ల ఇంత కథ నడిచిందో ఆ సాని మాట మనకు వినిపించదు. ఇల్లాలి నవ్వు భర్తను దిద్దగలిగింది గాని, ఇంటి యజమానిని పూర్తిగా దిద్దలేకపోయింది.

ఈ లోటువల్ల కథ విలువ తగ్గదు. పాఠకుని బాధ్యత మాత్రం పెరుగుతుంది. కమలినితో కలిసి నవ్విన విద్యార్థి, ఆ నవ్వు ముగిసిన తరువాత రామునివైపు కూడా చూడాలి. అప్పుడే ఈ కథను పూర్తిగా చదివినట్లు.