చిమ్మట కన్ను నేర్పిన పాఠం

దీపశిఖకు ఆహుతి అయ్యే పర్వానాగా ఉర్దూ కవులెరిగిన చిమ్మట శాస్త్రజ్ఞులకు గురువైనది. మామూలు గాజు తలం తనపై నిటారుగా పడిన కాంతిలో సుమారు 4 శాతాన్ని వెనుకకు మరలుస్తుంది. పలు కటకాలు గల దుర్భిణిలో ఈ నష్టం పెరుగుతుంది. చిమ్మట కన్ను అలా మెరవదు. కాంతి తరంగదైర్ఘ్యం కన్న చిన్నవైన బుడిపెలు కంటిపై బారులు తీరి ఉండుటచే, గాలి నుండి కంటిలోనికి వక్రీభవన గుణకం క్రమంగా మారి, పరావర్తనం అణగిపోతుంది.

1962లో బెర్న్‌హార్డ్, మిల్లర్ అను శరీరధర్మ శాస్త్రజ్ఞులు ఈ బుడిపెలను వర్ణించారు. 1973లో క్లాఫమ్, హట్లీ అను భౌతికశాస్త్రజ్ఞులు లేజరు కాంతి సాయంతో అట్టి తలాన్ని నిర్మించి చూపారు. నడుమ 11 ఏండ్లు గడిచినవి. శాస్త్రశాఖల మధ్య గోడలు లేకున్న ఇంత జాగు జరిగెడిది కాదని నా అభిప్రాయం.

మన కళాశాలలో జంతుశాస్త్ర, భౌతికశాస్త్ర విద్యార్థులు నెలకొక్కనాడైనా ఒకే బల్ల వద్ద కూర్చుండునట్లు కమిటీవారు ఏర్పాటు చేయవలెను.