చిన్న స్టేషన్లు దండగ కాదు

సంపాదకులకు,

బందరు లైనులో చిన్న స్టేషన్లు ఎత్తేయాలన్న గత వారం వ్యాసంతో నేను ఏకీభవించను. 1908లో బెజవాడ నుంచి బందరుకు రైలు గుడివాడ మీదుగా చుట్టు తిరిగి వెళ్ళింది. తిన్నగా బందరు రోడ్డు మీదున్న మా ఉయ్యూరుకు పట్టాలే పడలేదు. కె.సి.పి. చక్కెర ఫ్యాక్టరీ వచ్చినా, వీరమ్మ తల్లి తిరునాళ్ళకు జనం పోటెత్తినా మాకు బస్సే గతి. స్టేషన్ లేని ఊరి అవస్థ ఏమిటో మమ్మల్ని అడగండి. అదే లైనులోని కౌతవరంలోనో వడ్లమన్నాడులోనో పొద్దున్నే ప్యాసింజరు ఆగితే కూరగాయల గంపలు, టిఫిన్ క్యారియర్లు, కాలేజీ పిల్లలు ఒకే పెట్టెలోకి ఎక్కుతారు. బస్సు ఛార్జీ భరించలేని వాళ్ళకు ఆ టిక్కెట్టే ఆధారం. స్టేషన్లు మూయడం కాదు, బళ్ళ వేళలు కాలేజీలకు, కచేరీలకు కుదిరేలా మార్చమని రాయండి.

– ఒక పాఠకుడు, ఉయ్యూరు